ముక్కు అత్తది, చెవి పెద్దమ్మది

మా పెద్దమ్మ పొయ్యి వెలిగించే ముందు ఒక్క క్షణం ఆగుతుంది. అగ్గిపెట్టె ఒక చేతిలో, పుల్ల ఇంకో చేతిలో పట్టుకుని మా అత్త వైపు చూస్తుంది. చూసి, పుల్ల పట్టుకున్న చేత్తోనే తన ముక్కు కొస తాకుతుంది. అత్త గట్టిగా గాలి పీల్చి, తల అడ్డంగా ఊపాక గానీ పుల్ల గీయదు. కొత్తగా చూసినవాళ్ళు ఇదేదో మొక్కు కాబోలు అనుకుంటారు. మొక్కూ కాదు, ముచ్చటా కాదు, వట్టి భయం.

ఇద్దరూ వదినా ఆడపడుచులు. పెద్దమ్మ మా పెదనాన్న భార్య. అత్త మా నాన్నకూ పెదనాన్నకూ చెల్లెలు. పెదనాన్న పోయాక, అత్త మిల్లు మానేశాక, ఇద్దరూ కలిసి ఒక ఇనుపకొట్టు పైన మూడో అంతస్తులో రెండు గదులు అద్దెకు తీసుకున్నారు. వదినా ఆడపడుచులు ఒక గూట్లో ఎన్నాళ్ళుంటారో చూద్దామని మా వాళ్ళంతా నవ్వారు. నవ్వినవాళ్ళ కాపురాలు కొన్ని ముక్కలయ్యాయి గానీ వీళ్ళది మాత్రం చెక్కుచెదరలేదు.

అత్త బతుకంతా మరమగ్గాల మిల్లులో గడిచింది. ఆ మగ్గాల హోరు ఆమె చెవులు తినేసింది. ఎడమ చెవి పూర్తిగా పోయింది, కుడి చెవిలో నోరు పెట్టి అరిస్తే కాస్త వినబడుతుంది. ఎవరైనా పెళ్ళి మాట ఎత్తితే వినబడనట్టు ఊరుకోవడం ఆమెకు చిన్నప్పటి నుంచీ అలవాటే. చివరికి నిజంగానే వినబడకుండా పోయిందని తన మీద తనే జోకులు వేసుకుంటుంది.

పెద్దమ్మది ఆసుపత్రి వంటిల్లు. రోగులకు వండే చోట పనికి కుదిరి, వంటింటికే పెద్ద అయింది. ఆమె ముక్కు పేరుమోసిన ముక్కు. తెల్లవారి పాల క్యాన్లు వస్తే మూత తీసి అలా ఒక్కసారి వంగేది, నిటారుగా లేచి "ఇది వద్దు, ఇది వద్దు, అది దించు" అనేది. పాలవాడు నోరెత్తేవాడు కాదు. బియ్యం బస్తా విప్పకముందే అందులో చెమ్మ చేరిందని చెప్పేది. చిన్నప్పుడు మేం దొంగతనంగా ఏం తిన్నా, నోరు కడుక్కుని వచ్చినా, పెద్దమ్మ ముందు నిలబడితే పట్టుబడిపోయేవాళ్ళం. అప్పట్లో ఆమెకు భయమంటే ఏమిటో తెలియదు. మనిషిలోతు గిన్నెల ముందు, నాలుగు పొయ్యిలు ఒకేసారి భగభగమంటుంటే, చీర కొంగు దోపుకుని గరిటె తిప్పేది.

ఆ ముక్కు పోయింది. ఒక జ్వరం వచ్చి, తగ్గి, లేచి కూర్చున్న రోజు అత్త కాఫీ కలిపి ఇస్తే, ఒక గుక్క తాగి, "వేడినీళ్ళిచ్చావేంటి అమ్మాయీ" అందట. అత్తకు ఆ మాట వినబడలేదు గానీ పెద్దమ్మ మొహం చూసి కంగారుపడింది. డబ్బాలన్నీ తెచ్చి ముక్కు దగ్గర పెట్టింది. కాఫీపొడి, మిరియాలు, సబ్బు, చివరికి కిరసనాయిలు. పెద్దమ్మ అన్నిటికీ తల అడ్డంగానే ఊపింది. డాక్టరు, రావచ్చు, రాకపోవచ్చు అన్నాడు. రాలేదు.

అప్పటి నుంచి మొదలైంది భయం. పాలు విరిగాయేమోనని భయం. ఒళ్ళు చెమట కంపు కొడుతోందేమోనని రోజుకు రెండుసార్లు స్నానం. ఎక్కడో ఏదో కాలుతోంది, తనకు తెలియడం లేదు అనే భయం. వీటన్నిటినీ మింగే భయం ఒకటుంది, గ్యాసు. పొయ్యి కట్టేసి గదిలోకి వస్తుంది, మళ్ళీ వెళ్ళి చూస్తుంది. సిలిండరు మీట కట్టేస్తుంది, పడుకుంటుంది, లేచి మళ్ళీ చేత్తో తడిమి వస్తుంది. "నాకు తెలియకుండానే ఇల్లంతా నిండిపోతుందే తల్లీ. నేను దాని మధ్యలో నిలబడి అగ్గిపుల్ల గీస్తాను. నాకు కనబడుతూనే ఉంటుంది" అనేది నాతో.

నాకు ముక్కు మీదే కోపం. ఆ భయం వినీ వినీ విసుగొచ్చి, కరెంటు పొయ్యి కొనుక్కోండి, పీడా పోతుంది అన్నాను. ఇస్త్రీపెట్టె పెడితేనే ఫ్యూజు ఎగిరిపోయే ఇల్లది. ఇంటాయన వైర్లు మార్చనన్నాడు. కరెంటు పొయ్యి మాట విన్నాక పెద్దమ్మకు ఇంకో భయం తోడైంది, గోడల్లో వైర్లు కాలుతున్నా తనకు తెలియదని. 

అలా ఇద్దరూ ఒక ఒప్పందానికి వచ్చారు. ఇంట్లో వాసనలన్నీ అత్తవి, చప్పుళ్ళన్నీ పెద్దమ్మవి. కుక్కరు కూతలు, కుళాయి కారడం, మెట్ల మీద అడుగులు పెద్దమ్మ వింటుంది. పాలు, కూర, మాడు, గ్యాసు అత్త చూసుకుంటుంది. "కళ్ళ సంగతి నువ్వు చూడు, నువ్వున్నదే ఆ కొట్లో కదా" అని అత్త నన్ను ఆటపట్టించేది. నేను కళ్ళజోళ్ళ దుకాణంలో అద్దాలు బిగిస్తాను. పెద్దమ్మ బజారుకెళితే ఇంట్లో ఉన్న అత్తకు తలుపు చప్పుడు వినబడదని నేనే ఒక బెల్లు పెట్టించాను. బయట నొక్కితే లోపల గంటతో పాటు ఎర్ర బల్బు వెలుగుతుంది. చవకలో దొరికిన పనివాడితో పెట్టించాను కాబట్టి, నొక్కినప్పుడల్లా ఆ బటన్ సందులో నీలంగా చిటుక్కుమని ఒక నిప్పురవ్వ కూడా వచ్చేది. బాగు చేయిస్తానని ప్రతి ఆదివారం అనేదాన్ని.

పేలాల సంగతి అత్త చక్కెర జబ్బుతో వచ్చింది. మిల్లులో మగ్గాల హోరుకి మాట్లాడుకోవడం కుదరదు. అక్కడి ఆడవాళ్ళంతా దవడలో ఏదో ఒకటి పెట్టుకుని నములుతూ పనిచేసేవాళ్ళు. అత్తకు ఆ అలవాటు పోలేదు. సాయంత్రమయ్యేసరికి నోరు ఆడాలి. నూనెలో వేయించినవి తిని తిని రక్తంలో చక్కెర పెంచుకుంది. అవన్నీ మానేయమన్నాడు డాక్టరు. మరి నేనేం తినాలి, గడ్డా అని అత్త పోట్లాటకు దిగితే, ఆయన నవ్వి, పొట్టు తీయని గింజలు ఇంట్లోనే పేలాలు చేసుకోండి, నూనె వద్దు, చక్కెర వద్దు, అవైనా గుప్పెడే, అని చెప్పాడట.

జొన్నలు నేనే తెచ్చిచ్చాను. పెద్దమ్మ వాటిని చెరిగి, రాళ్ళు ఏరి, నీళ్ళు చిలకరించి, తడిగుడ్డలో కాసేపు మూటకట్టి ఉంచింది. ఇనుప మూకుడు బాగా కాలాక గుప్పెడు గింజలు పోసి మూత పెట్టింది. మొదటి గింజ టప్పుమనగానే గరిటె అక్కడే పారేసి పక్క గదిలోకి పరిగెత్తింది. అత్తకు ఆ చప్పుడు వినబడలేదు. "ఏమైంది వదినా, ఇల్లేమైనా కూలిందా" అని నిలబడి అడుగుతోంది. లోపలేమో గింజలు టపటపా పేలిపోతున్నాయి. ఆ పూట అవన్నీ మాడిపోయాయి. ఇద్దరూ ఒకళ్ళనొకళ్ళు తిట్టుకుని, తర్వాత కడుపుబ్బ నవ్వుకున్నారు.

చేయగా చేయగా పెద్దమ్మకు చెయ్యి కుదిరింది. ముందు ఒకటి, కాసేపాగి ఇంకోటి, ఆ తర్వాత ఒక్కసారిగా అన్నీ పేలతాయి. ఆ జోరు తగ్గి ఒక చప్పుడికీ ఇంకో చప్పుడికీ మధ్య ఊపిరి తీసుకునేంత సందు రాగానే మూకుడు దించేయాలి. ఆ సందు పెద్దమ్మ చెవికి దొరికేది. గింజ మాడబోయే ముందు వచ్చే తీపి వాసన అత్త ముక్కుకి తగిలేది. ఎవరికి ముందు తెలిస్తే వాళ్ళు రెండో మనిషి భుజం తట్టేవాళ్ళు. అత్త మాడు గింజ ముట్టదు. ఒక్కటి నల్లబడినా ఏరి అవతల పారేస్తుంది. ఒకసారి వాయంతా మాడితే పళ్ళేనికి పళ్ళెం చెత్తబుట్టలో కుమ్మరించి ఆ సాయంత్రమంతా అలిగి కూర్చుంది. ఏదేమైనా, పెద్దమ్మ భయం మరిచిపోయేది రోజు మొత్తంలో ఆ కాసేపే. అందుకని ఆ పేలాలంటే నాకు ఇష్టం.

ఒక చలికాలం అత్తకు జలుబు చేసింది. ముక్కు దిబ్బడేసింది అని అత్త చెప్పిన మరుక్షణం నుంచి పెద్దమ్మ పొయ్యి వెలిగించలేదు. కిటికీలన్నీ బార్లా తెరిచి, చలిలో మంచం మీద దుప్పటి కప్పుకుని కూర్చుంది. రాత్రిళ్ళు కన్ను మూయలేదు. అత్త జలుబు తగ్గేసరికి పెద్దమ్మకు జ్వరం వచ్చింది. ఆ జ్వరంలో ఆమె "కట్టేశానా, కట్టేశానా" అని కలవరించడం అత్తకు వినబడలేదు. కదిలే పెదవులు చూసి అర్థం చేసుకుంది. ఇంకెప్పుడూ జలుబు సంగతి వదినకు చెప్పకూడదని అప్పుడే అనుకుందట. ఈ మాట నాక్కూడా చెప్పలేదు.

మరుసటి ఏడాది మళ్ళీ జలుబు చేసింది. అత్త దాన్ని దాచిన తీరు చూస్తే నవ్వాలో ఏడవాలో తెలియదు. ముక్కు చీదాలంటే స్నానాల గదిలోకి వెళ్ళి కుళాయి తిప్పేది. ఆ నీళ్ళ చప్పుడులో చీదడం వినబడదని ఆమె లెక్క. మెడకూ ఛాతీకీ ఘాటైన బామ్ పట్టించింది. ఆ గదిలోకి ఎవరు వచ్చినా గుమ్మంలోనే పట్టేసేవాళ్ళు. ఆ ఇంట్లో ఉన్న మనిషికి మాత్రం తెలియదు. గొంతు మారితే పెద్దమ్మ పసిగట్టింది.

"ఏంటి అమ్మాయీ, గొంతు అలా ఉంది? జలుబా?" అని చెవిలో అడిగింది.

"జలుబు లేదు, గిలుబు లేదు. ఫ్యాను కింద పడుకున్నాను, గొంతు పట్టేసింది."

"వాసనలు తెలుస్తున్నాయా?"

"తెలుస్తున్నాయి. నీ కొంగుకి ఉల్లిపాయ కంపు" అందట అత్త. పెద్దమ్మ అప్పుడే ఉల్లిపాయలు తరిగి వచ్చింది మరి. ఆ మాటతో పెద్దమ్మ మనసు కుదుటపడింది.

ఆ ఆదివారం నేను ఎప్పటిలాగే సాయంత్రం బయల్దేరాను. నేను వెళ్ళేలోపు పైన ఏం జరిగిందో తర్వాత ఇద్దరి నోటా విన్నాను. కింద ఇనుపకొట్టు ముందు లారీ ఆగి చువ్వలు దించుతున్నారు. ఆ చప్పుడుకి పెద్దమ్మకు మూకుడులోని సందు దొరకలేదు. రెండో వాయి ఆలస్యంగా దించింది. అత్త భుజం తట్టలేదు కాబట్టి బాగానే ఉన్నాయి, కాస్త రంగు తేలాయి అంతే అనుకుని పళ్ళెంలో పోసి అత్త ముందు పెట్టింది. మూకుడు తుడవడానికి మంట బాగా తగ్గించింది. అంతలో గాలి విసిరికొట్టి కిటికీ రెక్క దభాలున మూసుకుంది. మంట ఆరిపోయింది.

అది పెద్దమ్మ చూడలేదు. పగటి వెలుతురులో నీలం మంట ఎలాగూ సరిగ్గా కనబడదు, పైగా వెడల్పాటి మూకుడు. మీట పూర్తిగా పెంచి, మూడో గుప్పెడు పోసి మూత పెట్టింది. చెవి ఒగ్గి నిలబడింది. కింద చువ్వలు గలగలమంటున్నాయి. ఒక్క గింజా పేలలేదు. నీళ్ళు ఎక్కువ చిలకరించానేమో అనుకుంది. ఇంకాసేపు చూసింది. మూకుడు అంచు తాకితే వేడిగానే ఉంది, ముందు వాయి వేడి. మూత తీసింది. గింజలు పోసినవి పోసినట్టే ఉన్నాయి. అప్పుడు వంగి చూస్తే పొయ్యిలో మంట లేదు.

చెయ్యి దానంతటదే అగ్గిపెట్టె మీదికి వెళ్ళింది. పుల్ల తీసింది. అలవాటు ప్రకారం ఆగి, అత్త వైపు చూసి, ముక్కు తాకింది.

అత్త గాలి పీల్చింది. ఆమె ముక్కులోకి ఏమీ పోలేదు. వదిన భయపడకూడదు, అంతే ఆమె మనసులో ఉంది. పొయ్యి ఆరిపోయిందని ఆమె ఎరగదు. తల అడ్డంగా ఊపింది.

పెద్దమ్మ పుల్లను పెట్టె అంచున ఆనించింది. గీయడమే తరువాయి. సరిగ్గా అప్పుడు అత్త చెయ్యి పళ్ళెంలోకి వెళ్ళి గుప్పెడు పేలాలు తీసుకుని నోట్లో వేసుకుంది. పెద్దమ్మ ఆ పళ్ళెం చూసింది. కిటికీ వెలుతురు సగం పోయినా గింజలు నల్లగా కనబడుతూనే ఉన్నాయి. మాడిపోయాయి. ఒక్క మాడు గింజ తగిలితే ఇల్లు పీకి పందిరేసే మనిషి, ఏమీ ఎరగనట్టు నములుతోంది.

"నా చెయ్యి రాయైపోయిందే" అని పెద్దమ్మ తర్వాత నాతో చెప్పింది. "దానికి వాసన రావడం లేదు. రావడం లేదని నాకు తెలిసిపోయింది. అది వాసన లేదని తల ఊపుతోంది, నా చేతిలో పుల్ల ఉంది. ఆ పుల్ల కింద పెట్టాలంటే కూడా భయమేసింది, ఎక్కడైనా రాసుకుంటుందేమోనని."

పుల్లను నోట్లో పెట్టుకుని తడిపేసిందట. పొయ్యి మీట కట్టేసింది, సిలిండరు మీట కట్టేసింది. మూసుకుపోయిన కిటికీ తెరిచింది. అత్త ఇదంతా చూసి, వదినకు కళ్ళు తిరుగుతున్నాయనుకుని ఫ్యాను వేయడానికి లేచింది. వేలు స్విచ్చు మీదికి వెళ్ళబోతుంటే పెద్దమ్మ ఆమె మణికట్టు పట్టుకుని లాగింది. అత్తకు అర్థం కాలేదు. పెద్దమ్మ చెవిలో చెబుదామని వంగింది. అంతలో పెద్దమ్మ చెవికి మెట్ల మీద నా చెప్పుల చప్పుడు వినబడింది.

నేను జొన్నల సంచీ పట్టుకుని ఎక్కుతున్నాను. రెండో అంతస్తు మలుపులో గుప్పుమని వాసన కొట్టింది. ఎవరింట్లోనో అనుకున్నాను. ఇంకో నాలుగు మెట్లెక్కేసరికి అది ఎవరింట్లోనో తెలిసిపోయింది.  బుద్ధి ఉన్నవాళ్ళెవరైనా కిందికి పరిగెత్తి నలుగురినీ పిలుస్తారు. నేను పైకి పరిగెత్తాను. లోపల ఇద్దరూ పడిపోయి ఉంటారని, తలుపు తీయాలని, అంతకుమించి నా బుర్రలో ఏమీ లేదు. అత్తకు వినబడదు కాబట్టి తలుపు బాది లాభం లేదు. నా వేలు తిన్నగా బెల్లు మీదికి వెళ్ళింది.

"బెల్లు కొట్టకే. తల్లీ, బెల్లు కొట్టకే."

ఆ గొంతు పెద్దమ్మదే. నేనెప్పుడూ ఆమె నోట అలాంటి గొంతు వినలేదు. వేలు బటన్ మీదే ఉంది, నొక్కలేదు. ఆ బటన్ సందులో ప్రతి ఆదివారం నేను చూసే నీలం రవ్వ అప్పుడు గుర్తొచ్చింది. వేలు వెనక్కి తీసుకోవడానికి నాకు చాలాసేపు పట్టినట్టనిపించింది. గోడకు ఆనుకున్నాను. సంచీ జారి జొన్నలు మెట్ల మీద దొర్లిపోయాయి.

తలుపు తెరుచుకుంది. పెద్దమ్మ అత్త చెయ్యి పట్టుకుని లాక్కొస్తోంది. అత్త నోటి చుట్టూ మసి. ముగ్గురం కిందికి దిగాం. మెట్ల కింద లారీ కూలీ ఒకడు సిగరెట్ నోట్లో పెట్టుకుని లైటరు తీస్తున్నాడు. నేను అతని చేతి మీద ఒక్కటి కొట్టాను. అతను బిత్తరపోయి చూశాడు. గ్యాసు అన్న ఒక్క మాటతో కొట్టాయన, కూలీలు, పక్క దర్జీ అందరూ రోడ్డు అవతలికి చేరారు.

మేం ముగ్గురం దర్జీ కొట్టు ముందున్న బల్ల మీద కూర్చున్నాం. పెద్దమ్మ పళ్ళు టకటకా కొట్టుకుంటున్నాయి.  దగ్గరగా కూర్చుంటే అత్త మెడ దగ్గర బామ్ ఘాటు నా ముక్కు పుటాలు అదరగొట్టింది.

"అత్తా, జలుబా నీకు?" అని చెవిలో అరిచాను.

 అత్త పెద్దమ్మ మొహం కేసి చూస్తూ, "చెబితే నువ్వు నిద్రపోవు కదా వదినా" అంది. "పోయినసారి చచ్చి బతికావు. మళ్ళీ అలా చూడలేను."

నేను ఇద్దరినీ తిట్టడం మొదలుపెట్టాను. భయమేస్తే నాకు కోపమొస్తుంది. ఒకరికి ముక్కు లేదు, ఒకరికి చెవి లేదు, ఇద్దరికీ కలిపి బుర్ర లేదు అన్నాను. పెద్దమ్మ చెయ్యి పైకెత్తి నన్ను ఆపింది. అత్త కుడి చెవి దగ్గరికి వంగింది. వీధిలో అందరికీ వినబడేంత గట్టిగా చెప్పింది.

"నా భయం నాకివ్వు అమ్మాయీ. దాన్ని నా దగ్గర్నుంచి దాచకు. అది నా దగ్గరుంటేనే మనిద్దరం ఉంటాం."

 అత్త నోటి చుట్టూ ఉన్న మసి కొంగుతో తుడుచుకుంది.

ఆ తర్వాత కొన్నాళ్ళు ఆ ఇంట్లో పొయ్యి వెలగలేదు. నేను క్యారియరులో అన్నం పంపేదాన్ని. నేనే వెళ్ళి గ్యాసు తగిలితే కూతపెట్టే యంత్రం ఒకటి కొని గోడకు బిగించాను. ఈసారి పనివాణ్ణి చవకలో చూడలేదు, ఆ బెల్లు కూడా పీకించి కొత్తది పెట్టించాను. పెద్దమ్మ ఆ యంత్రం చుట్టూ తిరిగి చూసింది.

"దీనికి జలుబు చేస్తే నాకు చెబుతుందా?" అని అడిగింది. 

అత్త నోరు ఊరుకోలేదు. ఖాళీ దవడలు ఆడిస్తూ ఆమె వంటింటి గుమ్మంలో నిలబడడం చూడలేక, పెద్దమ్మే మళ్ళీ జొన్నలు తడిపింది. అయితే ఒక కొత్త పద్ధతి పెట్టింది. పొయ్యి దగ్గరికి వెళ్ళేముందు అత్త కళ్ళు మూసుకోవాలి. పెద్దమ్మ గుప్పిట్లో ఏదో ఒకటి పెట్టుకుని ఆమె ముక్కు కింద పెడుతుంది. లవంగం, సబ్బు ముక్క, వెల్లుల్లి రెబ్బ. అదేమిటో అత్త చెప్పాలి. అప్పుడప్పుడు ఏమీ లేని గుప్పిలి పెడుతుంది, మొహమాటానికి ఏదో ఒకటి అనేస్తుందేమో చూడడానికి. "బళ్ళో కూడా ఇన్ని పరీక్షలు రాయలేదు నేను" అని అత్త సణుగుతుంది. సణిగినా కళ్ళు మూసుకుంటుంది.  అయినా మొదటి గింజ పేలేదాకా నేను గుమ్మంలోనే నిలబడి ఉంటాను.

మళ్ళీ చలికాలం వచ్చింది. ఒక ఆదివారం నేను వెళ్ళేసరికి ఇద్దరూ వంటింటి గుమ్మంలో నిలబడి ఉన్నారు. అత్త కళ్ళు మూసుకుని ఉంది. పెద్దమ్మ గుప్పిలి ఆమె ముక్కు కింద ఉంది. అత్త గాలి పీల్చింది, మళ్ళీ పీల్చింది. ఒక్క క్షణం ఆమె పెదవులు కదిలాయి. ఏదో ఒక పేరు అనేయబోతోందని నాకు అనిపించింది.

"తెలియడం లేదు వదినా" అంది అత్త. కళ్ళు తెరిచింది. "నిన్న రాత్రి నుంచీ దిబ్బడగా ఉంది. ఏమీ తెలియడం లేదు."

పెద్దమ్మ గుప్పిలి విప్పింది. నలిపిన లవంగం ఉంది అందులో. ఆమె కళ్ళలోకి భయం రావడం నేను చూశాను. వచ్చింది, నిలబడింది. పెద్దమ్మ అగ్గిపెట్టెను అటక మీదికి విసిరింది. సిలిండరు మీట కట్టేసి, తడిమి చూసుకుని, తడి జొన్నలను గుడ్డ మీద ఆరబోసింది. "ఇవాళ పేలాలు లేవు" అని అత్త చెవిలో చెప్పింది.

ఇక ఈమె కిటికీలు తెరుచుకుని జాగారం మొదలుపెడుతుందని నేను అనుకున్నాను. ఇంటికి కబురు చేసి అక్కడే ఉండిపోదామని కూడా నిశ్చయించుకున్నాను. పెద్దమ్మ కిటికీ ఒకటే తెరిచింది. దుప్పటి కప్పుకుని మంచం మీద ఒరిగింది. ఇంకా పొద్దు గుంకలేదు. ఆమె ఎప్పుడూ నిద్రపోయే వేళ కాదది. కాసేపటికి గురక వినబడింది. ఎన్నేళ్ళుగానో ఆ ఇంటికి వస్తున్నాను, పెద్దమ్మ గురక నేను వినడం అదే మొదలు.

అత్త పడుకోలేదు. స్టూలు తెచ్చుకుని వంటింటికీ మంచానికీ మధ్య కూర్చుంది. మూసుకుపోయిన ముక్కుతో గాలి పీలుస్తోంది, ఆగుతోంది, పీలుస్తోంది. నేను వెళ్ళి ఆమె భుజం మీద చెయ్యి వేశాను. ఉలిక్కిపడింది.  బతుకులో దేనికీ బెదరని మనిషి.

"ఏమీ లేదు అత్తా. అన్నీ కట్టేసే ఉన్నాయి. నేను చూశాను, నాకు వాసన తెలుస్తుంది" అని చెవిలో చెప్పాను.

తల ఊపింది. కానీ కళ్ళు మంచం మీద నుంచి తీయలేదు. ఆ చీకటి పడే వేళ దుప్పటి కదులుతోందో లేదో తెలియడం కష్టం.

"నాకు వినబడదు కదే" అంది మెల్లగా. "వదిన ఊపిరి తీస్తోందా?"

"తీస్తోంది."

 నా చెయ్యి పట్టుకుంది.

"ఇంకోసారి విను."